37 నాటౌట్

మిక్సీ బాగుచేసే అబ్బాయి పదింటికి వస్తానన్నాడు. పన్నెండైనా జాడ లేదు. అమ్మ గేటు దగ్గర, నేను వరండాలో, నానిన మినప్పప్పు గిన్నెలో, అందరం అతని కోసమే ఎదురుచూస్తున్నాం. నాన్నకు ఈ గొడవేమీ పట్టలేదు. పేపరులో ఏం చదివారో, 1936లో ఇంగ్లండు వెళ్లిన మన క్రికెట్ జట్టు కెప్టెన్, విజయనగరం రాజకుమారుడు విజ్జీని తలుచుకున్నారు. విజయనగరంలో పుట్టి పెరిగిన మనిషికి అది మామూలే.

"1936లో లార్డ్స్ టెస్టులో మన రాజావారు ఎన్ని కొట్టారో ఫోనులో చూడమ్మా" అన్నారు.

చూశాను. 19 నాటౌట్, రెండో ఇన్నింగ్స్‌లో 6. నాన్న తృప్తిగా తలాడించారు. ఆ సిరీస్‌లో మిగిలిన నాలుగు ఇన్నింగ్స్ కలిపితే కెప్టెనుగారు చేసినవి ఎనిమిదే పరుగులని నేను చెప్పలేదు. జట్టులోని మేటి ఆటగాడు లాలా అమర్‌నాథ్‌ను మొదటి టెస్టుకు ముందే ఓడ ఎక్కించి ఇంటికి పంపేసిన సంగతీ ఎత్తలేదు. ఆదివారం పూట ఇంట్లో తగువెందుకు?

ఫోను పక్కన పెట్టేయవలసింది. వేలు కిందికి జారి ఇంగ్లండు జట్టు కనిపించింది. మారిస్ టర్న్‌బుల్ అనే పేరు. మొదటి ఇన్నింగ్స్‌లో సున్నా. ఆ ఇన్నింగ్స్‌లో మన అమర్ సింగ్ 35 పరుగులకే ఆరు వికెట్లు తీసి ఇంగ్లండును 134కు కూల్చాడు. రెండోసారి మాత్రం టర్న్‌బుల్ 37 నాటౌట్. గింబ్లెట్‌తో కలిసి ఆట ముగించేశాడు. మనం తొమ్మిది వికెట్ల తేడాతో ఓడాం. పేరు నొక్కితే మొదట కనిపించింది మరణించిన తేదీ: 1944 ఆగస్టు 5, నార్మండీ. వయసు 38.

ఇక మిక్సీ సంగతి మరచిపోయాను.

వేల్స్‌లోని కార్డిఫ్‌లో ఓడల వ్యాపారి కొడుకు. తండ్రి 1908 ఒలింపిక్స్‌లో వేల్స్ తరఫున హాకీలో పతకం తెచ్చాడు. ఇతను కేంబ్రిడ్జ్ విశ్వవిద్యాలయానికి ఆడి, 1929లో ఆ జట్టుకు కెప్టెన్ అయ్యాడు. ఇంగ్లండుకు తొమ్మిది క్రికెట్ టెస్టులు, వేల్స్‌కు రగ్బీ. ఈ రెండూ ఆడినవాడు మరొకడు లేడట. 1933లో ట్వికెన్‌హామ్ మైదానంలో వేల్స్ మొదటిసారి ఇంగ్లండును ఓడించినప్పుడు ఆ జట్టులో ఉన్నాడు. ఇంగ్లండు టోపీ పెట్టుకుని ఇంగ్లండునే ఓడించడం ఎంత బాగుందో!

కానీ నన్ను కట్టిపడేసింది ఆటలు కాదు, జమాఖర్చులు. అతను ఆడిన వేల్స్ జట్టు గ్లామోర్గాన్ కౌంటీ అప్పట్లో బీద జట్టు. 1921లో ఇంగ్లండు కౌంటీ ఛాంపియన్‌షిప్‌లోకి వచ్చింది మొదలు ఓటములే, పైగా చేతిలో చిల్లిగవ్వ లేదు. టర్న్‌బుల్ 1930 నుంచి కెప్టెన్. కొన్నాళ్లకు క్లబ్బు కార్యదర్శి పని కూడా నెత్తిన వేసుకున్నాడు. వేసవిలో ఆడటం, చలికాలంలో స్నేహితుడు, తోటి ఆటగాడు జానీ క్లేతో కలిసి ఊరూరా తిరిగి డాన్సు కచేరీలు పెట్టి చందాలు పోగుచేయడం. 1932లో భీకర ఫాస్ట్ బౌలర్లు లార్వుడ్, వోస్‌ల బౌలింగును ఎదుర్కొని 205 కొట్టిన చెయ్యే చందాల పుస్తకమూ పట్టుకుంది. మా వీధి వినాయక చవితి కమిటీ కార్యదర్శి గుర్తొచ్చాడు. ఆ పని చేసేవాడి మొహం చూస్తే అందరూ తలుపులు వేసుకుంటారు. డబుల్ సెంచరీ కన్నా అదే కష్టమని నా నమ్మకం.

యుద్ధం వచ్చాక వెల్ష్ గార్డ్స్ అనే సైనిక దళంలో చేరి మేజరయ్యాడు. నార్మండీలో మోంషాం అనే పల్లె దగ్గర పోరులో తలకు తూటా తగిలి అక్కడికక్కడే పోయాడు. ఇంట్లో భార్య, ముగ్గురు చిన్న పిల్లలు. కబురు అందేసరికి కార్డిఫ్‌లో గ్లామోర్గాన్ జట్టు ఆడుతోంది. ఆట ఆపి, జనమంతా లేచి నిలబడ్డారట.

ఆ లార్డ్స్ టెస్టులో ఇంగ్లండు జట్టులోనే ఉన్న బౌలర్ హెడ్లీ వెరిటీ ఏడాది ముందే, ఇటలీలో గాయాలతో మరణించాడు. అమర్ సింగ్ అంతకన్నా ముందే, 1940లో, ఇరవై తొమ్మిదేళ్లకే వెళ్లిపోయాడు. స్కోరుకార్డులో మాత్రం ముగ్గురూ ఒకే ఎండలో ఉన్నారు.

గ్లామోర్గాన్ మొదటిసారి ఛాంపియన్ అయింది 1948లో. బోర్న్‌మత్‌లో ఆఖరి వికెట్ తీసింది ఎవరో చూసి ఉలిక్కిపడ్డాను. యాభై ఏళ్ల జానీ క్లే. ఎల్బీడబ్ల్యూ. వేలెత్తిన అంపైర్ కూడా పాత గ్లామోర్గాన్ ఆటగాడే కాబట్టి ఆ వేలు ఎంత వేగంగా లేచిందో ఊహించుకోవచ్చు.

మిక్సీ అబ్బాయి నాలుగింటికి వచ్చాడు. కార్బన్ బ్రష్‌లు అరిగిపోయాయని రెండొందలు పట్టుకెళ్లాడు. రాత్రి పిండి రుబ్బుతుంటే, ఆ మోతలోనే నాన్నకు టర్న్‌బుల్ కథ గొంతు పెంచి చెప్పాను. అంతా విని, మిక్సీ ఆగేదాకా ఆగారు.

"అయితే అతని ఆఖరి టెస్టు మన మీదేనా?"

"అవును నాన్నా."

"అంటే ఆ 37 పరుగులూ మన సి.కె. నాయుడు దగ్గరుండి చూశాడన్నమాట" అని, ఒక్క క్షణం ఆలోచించి, "రాజావారు కూడా" అన్నారు.