దూరం తుడిచేసిన రోజు

మ్యాథ్స్ క్లాసులో బోర్డు మీద ఎప్సిలాన్ తుడిచేశారు సార్, తర్వాత డెల్టా కూడా, అంటే కంటిన్యుటీ పాత డెఫినిషన్‌లో దూరాల్ని చెప్పే రెండు అక్షరాలూ పోయాయి. మిగిలింది ఒకే ఒక్క లైను: ప్రతి ఓపెన్ సెట్ (ప్రతి పాయింట్ చుట్టూ కాస్త చోటు తనలోనే ఉండే సెట్) ప్రీఇమేజ్ (ఫంక్షన్ ఆ సెట్‌లోకి పంపే పాయింట్లన్నీ) ఓపెన్ అయితే ఫంక్షన్ కంటిన్యువస్. అంతే. క్లాసంతా సైలెంట్.

నాకు మాత్రం ఒక డౌటు అలాగే ఉండిపోయింది, వెనక్కి ఎందుకెళ్లాలి, ఓపెన్ సెట్‌ని ఫంక్షన్‌లో పెడితే బయటికొచ్చే సెట్, అంటే ఇమేజ్, ఓపెన్ అయితే చాలు అనొచ్చుగా అని. సాయంత్రం కూర్చుని ఎక్స్ స్క్వేర్ తీసుకున్నా. మైనస్ 1 నుంచి 1 దాకా ఓపెన్ ఇంటర్వెల్ పెడితే బయటికొచ్చిన సెట్‌లో 0 కూడా ఉంది, దానికి ఎడమవైపు ఏమీ లేదు, అంటే ఓపెన్ కాదు! ఇంత మంచి కంటిన్యువస్ ఫంక్షనే ఆ రూల్ దగ్గర ఫెయిలైపోయింది. పెన్ను పక్కన పెట్టి కాసేపు ఆ 0నే చూస్తూ ఉండిపోయా.

డిస్క్రీట్ మెట్రిక్ అని దూరం కొలిచే ఒక రూల్ ఉంది, అది కూడా నన్ను అలాగే ఆపేసింది. ఏ రెండు వేర్వేరు పాయింట్ల మధ్యైనా దూరం 1, కాబట్టి ఒక పాయింట్ చుట్టూ సగం రేడియస్‌తో బాల్ (అంతకంటే తక్కువ దూరంలో ఉన్న పాయింట్లన్నీ) తీసుకుంటే అందులో ఆ పాయింట్ ఒక్కటే ఉంటుంది, అంటే ప్రతి సెట్టూ ఓపెనే, అక్కడ్నుంచి బయల్దేరే ప్రతి ఫంక్షనూ కంటిన్యువసే. మొదట్లో ఇదేం ఉదాహరణ అనుకున్నా, ఇప్పుడు ఏ కొత్త స్టేట్‌మెంట్ కనిపించినా ముందు దీని మీదే పెట్టి చూస్తున్నా.

గణిత శాస్త్రవేత్త ఫ్రెషే మెట్రిక్ స్పేస్ (పాయింట్ల మధ్య దూరం కొలవగలిగే సెట్) ఆలోచన ఇచ్చింది 1906లో, ఇంకో గణిత శాస్త్రవేత్త హౌస్‌డార్ఫ్ దూరం పక్కన పెట్టి నైబర్‌హుడ్స్‌తో, అంటే పాయింట్ చుట్టూ ఉండే సెట్లతో, మొదలుపెట్టింది 1914లో. మధ్యలో 8 ఏళ్లు. ఈరోజు మాకది డస్టర్ ఒక్కసారి తిప్పినంత సేపట్లో వచ్చేసింది, అది తల్చుకుంటేనే ఏదోలా ఉంది.

రేపు కంపాక్ట్‌నెస్ అనే కొత్త టాపిక్ మొదలుపెడతారట, నిద్ర పట్టట్లేదు.