బీరువా తాళం

మొన్న ఫోన్లో మాట్లాడుతూ మా అమ్మాయి, "అమ్మా, నువ్వు రోజురోజుకీ కన్సర్వేటివ్ అయిపోతున్నావు" అంది. తిట్టే అది. మన వాడుకలో ఆ మాట వినగానే ముందు ఛాందసమే గుర్తొస్తుంది. కోపం రాలేదు గానీ, ఫోన్ పెట్టేశాక ఆ మాట నాకు ఎంతవరకు అతుకుతుందా అని ఆలోచిస్తూ కూర్చున్నాను. ఎక్కడెక్కడో తిరిగి మనసు ఒక ఇనప బీరువా దగ్గర ఆగింది.

నేను సోషల్ టీచర్‌గా చేసి రిటైరయ్యాను. తొమ్మిదో తరగతి గదిలో వెనకవైపు ఆ బీరువా ఉండేది. అందులో 64 పుస్తకాలు, పాత బ్యాచ్‌ల పిల్లలు వెళ్లిపోతూ ఇచ్చినవి. తాళం చెవి నా బ్యాగులో. ఒకరోజు హక్కుల పాఠం చెబుతుంటే చివరి బెంచీ పిల్ల లేచి, "టీచర్, మనుషుల్ని నమ్మితేనే స్వేచ్ఛ అంటున్నారు. మరి బీరువాకి తాళం ఎందుకండీ?" అంది. క్లాసంతా ఒకటే నవ్వు. నాకు జవాబు తట్టలేదు. ఆ మధ్యాహ్నమే తాళం తీసేశాను.

రెండు నెలల్లో 11 పుస్తకాలు పోయాయి.

స్టాఫ్ రూమ్‌లో ఎవరూ ఏమీ అనలేదు, ఆ చూపులు చాలు. మళ్లీ తాళం వేసేద్దామనే అనుకున్నాను. వేయకపోవడానికి ఆదర్శమేమీ కారణం కాదు, ఓడిపోయానని ఒప్పుకోవడానికి మనసు రాలేదు, అంతే. పిల్లల ముందే పెట్టాను: "తాళం వేయను. ఏం చేద్దామో మీరే చెప్పండి." రెండు పీరియడ్లు గోల. ఫైన్ వేయాలని ఒకడు, మానిటర్‌కి కర్ర ఇవ్వాలని ఇంకొకడు (ఆ ఇంకొకడే మానిటర్). చివరికి 200 పేజీల నోట్‌బుక్ ఒకటి తెచ్చి బీరువా తలుపుకి దారంతో కట్టారు. పుస్తకం తీసుకున్నవాళ్లు పేరు, తేదీ రాయాలి. శుక్రవారం చివరి పీరియడ్‌లో ఎవరో ఒకరు లేచి ఏ పుస్తకం ఎవరి దగ్గరుందో పైకి చదవాలి. శిక్ష లేదు. మొదటి పేజీలో మాత్రం ఈ ఏర్పాటు ఎందుకో రాయమన్నాను. రాశారు: "ఈ బీరువాకి తాళం ఉండేది. తీసేశాక 11 పుస్తకాలు పోయాయి. మళ్లీ తాళం రాకూడదని ఈ పుస్తకం పెట్టుకున్నాం."

ఆ నెలలో మూడు పుస్తకాలు తిరిగొచ్చాయి. ఎవరు పెట్టారో నేను అడగలేదు.

మౌల్టన్ అని ఇంగ్లాండులో ఒక జడ్జి ఉండేవాడు. ఆయన చేసిన ఒక ప్రసంగం, ఆయన పోయాక 1924లో పత్రికలో అచ్చయింది. మనం చేసే పనుల్లో ఒక చివర చట్టం శాసించేవి ఉంటాయి, ఇంకో చివర పూర్తిగా మన ఇష్టానికి వదిలేసినవి ఉంటాయి, ఈ రెంటికీ మధ్య ఎవరూ బలవంతం చేయలేకపోయినా మనంతట మనం లోబడేవి ఉంటాయి అంటాడాయన. ఒక జాతి గొప్పతనాన్ని ఈ మధ్య ప్రాంతంతోనే కొలవాలట. మర్యాద, మాట నిలబెట్టుకోవడం, క్యూలో నిలబడటం, చూసేవాళ్లు లేకపోయినా తీసిన పుస్తకాన్ని తిరిగి పెట్టడం, అన్నీ అక్కడివే. అది చదివినప్పుడు నాకు ఆ దారం కట్టిన నోట్‌బుక్ కళ్ల ముందు మెదిలింది. ఆ మధ్య ప్రాంతం కుంచించుకుపోతే దాని స్థానంలోకి వచ్చేది స్వేచ్ఛ కాదు, తాళం. రాజకీయాల్లో కన్సర్వేటివ్‌లు, అంటే ఉన్న మంచిని నిలుపుకోవాలనేవాళ్లు, చెప్పే మాటల్లో నాకు మనస్ఫూర్తిగా నచ్చింది ఇదే. మనిషి తన కోరికలకి తాను వేసుకోగలిగినంత కళ్లెం మేరకే స్వేచ్ఛకి అర్హుడని బ్రిటిష్ పార్లమెంటు సభ్యుడు ఎడ్మండ్ బర్క్ 1791లో రాశాడు. కఠినమైన మాటే. కానీ 11 పుస్తకాలు పోగొట్టుకున్నదాన్ని, కాదనలేను.

బర్క్ అంటే ఫ్రెంచి విప్లవాన్ని తిట్టినవాడిగానే చాలామందికి తెలుసు. అదే మనిషి అమెరికా వలసలవాళ్ల ఫిర్యాదుల్లో న్యాయముందని పార్లమెంటులో వాదించాడు. భారతదేశంలో చేసిన పాలనకి గవర్నర్ జనరల్‌ వారెన్ హేస్టింగ్స్ జవాబు చెప్పాల్సిందేనని పట్టుబట్టాడు. 1788లో మొదలైన ఆ విచారణ 1795 దాకా సాగి, హేస్టింగ్స్ నిర్దోషిగా బయటపడ్డాడు. అధికారానికి పగ్గం ఉండాలన్న పట్టుదలే అన్నిచోట్లా ఆయన్ని నడిపిందని నాకనిపిస్తుంది. మా అమ్మాయికి ఈ సంగతి చెప్పాలి.

1831లో టోక్విల్ అనే పాతికేళ్ల ఫ్రెంచి కుర్రాడు అక్కడి జైళ్లు చూసి రావడానికని అమెరికా వెళ్లి తొమ్మిది నెలలు తిరిగాడు. ఆయన్ని లిబరల్స్, కన్సర్వేటివ్‌లు ఇద్దరూ మావాడంటే మావాడంటారు. జ్యూరీ గురించి, అంటే కోర్టులో తీర్పు చెప్పడానికి కూర్చోబెట్టే మామూలు జనం గురించి, ఆయన భలే మాట అన్నాడు: కేసులున్నవాళ్లకి దానివల్ల లాభమో కాదో తెలియదు గానీ, తీర్పు చెప్పడానికి కూర్చున్నవాళ్లకి మాత్రం అది గొప్ప మేలు చేస్తుందట. అదొక బడి అంటాడు. మా శుక్రవారాల సంగతీ అంతే. దానివల్ల ఎన్ని పుస్తకాలు మిగిలాయో లెక్క చెప్పలేను. నలుగురి ముందు నోరు విప్పని ఒక పిల్లాడు, తన స్నేహితుడు నెల రోజులుగా పుస్తకం ఇవ్వలేదని పైకి చదవాల్సి వచ్చింది. చెమటలు పట్టాయి వాడికి. చదివాడు. పౌరశాస్త్రం పుస్తకంలో ఆ పాఠం లేదు.

ఆ ప్రయాణం తర్వాత రాసిన 'అమెరికాలో ప్రజాస్వామ్యం' పుస్తకంలో, 1840లో అచ్చయిన రెండో భాగంలో, టోక్విల్ ఒక భయం చెప్పుకుంటాడు. ప్రజలకి కావలసినవన్నీ తానే చూసిపెట్టే ప్రభుత్వం తండ్రిలా కనిపిస్తుంది గానీ, తండ్రి పిల్లల్ని పెద్దవాళ్లని చేయాలని చూస్తే, అది వాళ్లని ఎప్పటికీ పిల్లలుగానే ఉంచాలని చూస్తుంది అని. టీచర్లం ఆ పని రోజూ చేస్తుంటాం, పైగా ప్రేమ అనుకుంటాం.

ఇక్కడిదాకా బాగానే ఉంది. నాలుగో ఏడు నోట్‌బుక్ నిండిపోయింది. కొత్తది కొని కట్టారు. మొదటి పేజీ ఎత్తి రాయాలని ఎవరికీ తట్టలేదు, నాకూ తట్టలేదు. ఆ ఏడు వచ్చిన పిల్లలు శ్రద్ధగా సంతకాలు పెట్టేవాళ్లు. శుక్రవారం చదివేవాళ్లు కూడా, ఏదో మంత్రం అప్పజెప్పినట్టు గబగబా. పుస్తకాలు మాత్రం తిరిగొచ్చేవి కావు. "ఇదెందుకు చేస్తున్నారు?" అని అడిగితే ఒకమ్మాయి, "ముందు నుంచీ చేస్తున్నారు కదండీ" అంది. ఛాందసం అంటే అదీ. నాలుగేళ్లు చాలింది దానికి.

తప్పు ఆ పిల్లలది కాదు, నాది. రాజకీయాల్లో కన్సర్వేటివ్ కాని తత్వవేత్త హన్నా ఆరెంట్ కూడా, చదువు మాత్రం కన్సర్వేటివ్‌గానే ఉండాలని వాదించింది. పిల్లలు ఈ లోకానికి కొత్తవాళ్లు, వాళ్లు తెచ్చే కొత్తదనం బతకాలంటే ఉన్న లోకాన్ని ముందు వాళ్లకి పరిచయం చేయాలి, అది పెద్దల బాధ్యత అంటుంది. మేం పద్ధతి అప్పజెప్పాం, కథ చెప్పలేదు.

కన్సర్వేటివ్‌లమని చెప్పుకునే చాలామందితో నాకు పేచీ ఉంది. ఎప్పటినుంచో ఉంది కాబట్టి మంచిదే అనేవాళ్లని చూస్తే ఒళ్లు మండుతుంది. ఎప్పటినుంచో ఉన్నదాన్నే పట్టుకుని కూర్చుంటే నేను బడి గడప తొక్కేదాన్నే కాదు. మారే దారి లేని రాజ్యానికి నిలిచే దారీ ఉండదని బర్కే అన్నాడు, ఆ ముక్క మాత్రం వీళ్లు ఎత్తరు. పిల్లల చదువు తల్లిదండ్రుల ఇష్టం అనే వాదన మీదా నాకు సగమే నమ్మకం. 8 నుంచి 16 ఏళ్ల పిల్లల్ని ప్రభుత్వ బడికే పంపాలని అమెరికాలోని ఒరెగాన్ రాష్ట్రం 1922లో చట్టం చేస్తే, 1925లో సుప్రీంకోర్టు కొట్టేసింది. బిడ్డ ప్రభుత్వం చేతి బొమ్మ కాదన్నట్టు రాసింది. మంచి తీర్పే. తల్లిదండ్రుల చేతి బొమ్మ కూడా కాదు కదా అని నా టీచరు బుద్ధి గొణుగుతూనే ఉంటుంది.

పాత నోట్‌బుక్ వెతికించి, మొదటి పేజీ ఆ ఏటి పిల్లల చేతే ఎత్తి రాయించాను. రాసిన పిల్లాడు చివర ఒక ప్రశ్న చేర్చాడు: "ఆ 11 పుస్తకాల పేర్లేంటి?" అవి మాత్రం ఎవరూ రాసి పెట్టలేదు. నాకు గుర్తున్నవి ఐదే, అవే చెప్పాను. మిగతా వాటి కోసం పేజీలో ఆరు గీతలు ఖాళీగా వదిలాడు.

తాళం చెవి ఇంకా నా పాత బ్యాగులోనే ఉంది.