రాజు రాసుకోవలసిన ప్రతి

పోయిన నెల నా స్నేహితుడి తండ్రి కాలం చేశారు. ఓదార్పుగా నాలుగు మాటలు రాద్దామంటే చెయ్యి ఆడలేదు. ఫోన్‌లో ఏఐని అడిగితే క్షణాల్లో చక్కటి తెలుగులో రాసిచ్చింది. పంపేశాను. ‘చాలా బాగా రాశావురా, ఏడుపొచ్చింది’ అని వాడి జవాబు. నేను రాయలేదు కదా!

ఆ వారమే బైబిల్లో ద్వితీయోపదేశకాండం 17వ అధ్యాయం చదువుతున్నాను. ఇశ్రాయేలీయుల రాజు గుర్రాలను పెంచుకోకూడదు, వెండి బంగారాలు విస్తారంగా కూడబెట్టకూడదు. సింహాసనం ఎక్కాక, దేవుడు మోషే ద్వారా ఇచ్చిన ధర్మశాస్త్రానికి ఒక ప్రతి తనకోసం రాసుకోవాలి, బతికినన్నాళ్లూ చదవాలి, తన సహోదరుల మీద గర్వించకూడదు. తండ్రి దగ్గర నుంచి వచ్చిన ప్రతితో రాజు సరిపెట్టుకోకూడదని, ఆ శాస్త్రానికి యూదుల వ్యాఖ్యాన గ్రంథమైన తల్మూదులోని పండితులు ఇంకా బిగించారు.

యూదులు ఈ రాత పనిని ఎంత గట్టిగా పట్టుకున్నారో చూడండి. అచ్చుయంత్రం వచ్చి 500 ఏళ్లు దాటినా, సమాజమందిరంలో చదివే తోరా (ఆ ధర్మశాస్త్రమే) గ్రంథపుచుట్ట నేటికీ చేతిరాతే. పదునుచేసిన జంతుచర్మం మీద ఈకకలంతో 3,04,805 అక్షరాలు. కంఠతా వచ్చినా ఎదురుగా మూలప్రతి ఉండాల్సిందే. ప్రతి మాటా నోటితో పలికాకే రాయాలి. ఒక్క అక్షరం తప్పిపోయినా, సరిదిద్దేదాకా ఆ చుట్ట చదవడానికి పనికిరాదు. దేవుని నామాన్ని మాత్రం చెరపనే కూడదు. ఇలా పూర్తయ్యేసరికి ఇంచుమించు ఏడాది. ఆఖరి అక్షరాలు కొన్నింటిని సన్నటి గీతలుగా వదిలేస్తారు. సంఘంలోని వాళ్లు ఒక్కొక్కరే వచ్చి లేఖకుడి పక్కన నిలబడి వాటిని నింపుతారు.

1948 మే 14న టెల్ అవీవ్‌లో ఇశ్రాయేలు తొలి ప్రధాని డేవిడ్ బెన్ గురియన్ చదివిన ఆ దేశపు స్వాతంత్ర్య ప్రకటన కూడా రాసుకున్న మాటే. ఇశ్రాయేలు ప్రవక్తలు దర్శించిన స్వేచ్ఛ, న్యాయం, శాంతి తమ రాజ్యానికి పునాది అన్నారు. మతం, జాతి, స్త్రీపురుష భేదం లేని సమాన హక్కులన్నారు. ప్రవక్తల పేరెత్తడం చిన్న సంగతి కాదు. తప్పు చేసిన దావీదు అంతటి రాజు ముందు నిలబడి ‘ఆ మనుష్యుడవు నీవే’ అన్నవాడు నాతాను ప్రవక్త. అందుకే ఆ రాజ్యాన్ని, దాని సైన్యాన్ని, అది రాసుకున్న మాటతోనే కొలిచి అడగాలంటాను. ఆ దేశాన్ని ప్రేమించేవాళ్లు ముందుగా అడగాలి.

ఈ కాలపు గుర్రాలు వేరు. ఎవరికి అప్పివ్వాలో, ఎవరి దరఖాస్తు పక్కన పెట్టాలో యంత్రం జాబితా తీసిస్తే, కింద ఒకరు సంతకం చేసే రోజులొచ్చాయి. ఆ పేర్లలో ఒక్కటైనా అతని నోట పలికిందా? ఒక్క ముఖమైనా కళ్లముందు మెదిలిందా? నా భయమంతా అక్కడే. నా ఫోన్‌లో జరిగింది చిన్నదే గానీ, అదే పని.

ఆదివారం ఆరాధన అయ్యాక తెల్లకాగితం తీసుకుని కూర్చున్నాను. అంకుల్ వాణ్ని సైకిల్ ముందు కడ్డీ మీద, నన్ను వెనక క్యారేజీ మీద ఎక్కించుకుని ట్యూషన్‌కి దింపిన రోజులు రాస్తుంటే రెండుసార్లు కలం ఆగిపోయింది. పేజీ నిండా కొట్టివేతలే. అలాగే మడిచి పోస్టు చేశాను.