మొప్పల మూత ఎముకలు: రోహు, పండుగప్ప, జెల్ల తలల మీద సాగిన పని

చేప తలకు రెండు వైపులా మొప్పలను కప్పి ఉంచే మూత పైకి ఒకే ఎముకగా కనిపిస్తుంది గానీ, మనం తినే అస్థిచేపల్లో చాలావాటికి అది నాలుగు ఎముకల కూర్పు. ఆ నాలుగింటినీ విడదీసి, శుభ్రం చేసి, పేరు రాసి అట్ట మీద అమర్చడం ఈ వేసవి నుంచి నేను పెట్టుకున్న వ్యాపకం. వంటకు తెచ్చిన చేపల తలలే దీనికి సరిపోతాయి. ప్రత్యేక పరికరాలు అక్కర లేదు. ఇప్పటివరకు జరిగిన పనిని, ఇదే పని మొదలుపెట్టాలనుకునేవారికి పనికొచ్చే వివరాలతో సహా ఇక్కడ నమోదు చేస్తున్నాను. ఆకారాన్ని చూసి ఎముకకు పేరు పెట్టడం ఒకటి రెండు చేపల వరకే సాగుతుంది. ఆ ఎముక దేనితో కీలు కలుపుకుందో, ఏ సంధిబంధనం (ఎముకను ఎముకకు కట్టి ఉంచే గట్టి పట్టీ) దాన్ని ఎక్కడికి కట్టి ఉంచిందో చూశాకే పేరు రాయాలన్నది నేను పాటిస్తున్న నియమం.

పేర్లు

కాలేజీ జంతుశాస్త్ర పుస్తకాలు మూత మొత్తాన్ని ఉపరికుల అంటాయి. విడి ఎముకలకు శాస్త్రవేత్తలు వాడే పేర్లనే నా చీటీల మీద రాస్తున్నాను. అన్నిటికన్నా పెద్దది, మూతలో వెనుక పైభాగమంతా పరుచుకొని ఉండేది ఓపర్కిల్. దానికి ముందు, చెంప వెనుక అంచున కొడవలిలా వంగి ఉండేది ప్రీఓపర్కిల్. ఓపర్కిల్ కింది అంచును ఆనుకొని సన్నగా, పొడవుగా సాగేది సబ్‌ఓపర్కిల్. ప్రీఓపర్కిల్ కింది భాగం చాటున సగం దాగి, ముందుకు దవడ వైపు వెళ్లేది ఇంటర్‌ఓపర్కిల్. వీటి అడుగున ఉన్న పొరను సాచి పట్టే సన్నని ఎముకలను బ్రాంకియోస్టెగల్ శలాకలంటారు. అవి నాలుక అడుగున ఉండే హయాయిడ్ చాపం నుంచి పుట్టుకొస్తాయి కాబట్టి అట్ట మీద వాటికి వేరే వరుస కేటాయించాను.

1828లో ఫ్రెంచి ప్రకృతి శాస్త్రవేత్తలు జార్జ్ కువియే, అషిల్ వాలెన్సియెన్ కలిసి ప్రారంభించిన చేపల బృహద్గ్రంథం మొదటి సంపుటంలో, యూరప్ మంచినీటి పెర్చ్ చేపను నమూనాగా తీసుకొని అస్థిపంజరమంతా వివరించారు. ఇతర చేపల ఎముకలను పెర్చ్‌తో పోల్చి చూసే అలవాటుకు ఆ వివరణ గట్టి పునాది వేసింది. మన దగ్గర పెర్చ్ లేదు గనుక రోహును నా ఆధారంగా పెట్టుకున్నాను.

జూన్: రోహు

శీలావతి అని పిలిచే రోహు చెరువుల నుంచి ఏడాది పొడవునా వస్తుంది. కిలో నుంచి కిలోన్నర బరువున్న చేప ఈ పనికి అనువైనది. అంతకన్నా చిన్నదైతే సబ్‌ఓపర్కిల్ మరీ పలుచగా ఉండి, ఆరేటప్పుడు ముడుచుకుపోతుంది. తలను రెండుగా చీల్చవద్దని, మొప్పలు మనమే తీసుకుంటామని అమ్మేవారికి ముందే చెప్పాలి. కత్తిపీట మీద తల చీల్చే వేగంలో ఇంటర్‌ఓపర్కిల్ ముందు కొన విరిగిపోవడం సాధారణం, మనకు కావలసిన సాక్ష్యం చాలావరకు ఆ కొన దగ్గరే ఉంటుంది.

వేడి నీళ్లలో వేయకముందే చేయవలసిన పరీక్ష ఒకటి ఉంది. ఈ వ్యాపకంలో నాకు అన్నిటికన్నా విలువైనదిగా తోచిన భాగం అదే. మంచులో బిగిసిన తల మెత్తబడే దాకా ఆగి, మూతను కొద్దిగా తెరిచి, లోపలి వైపు నుంచి ఇంటర్‌ఓపర్కిల్‌ను పట్టకారుతో పట్టుకొని మెల్లగా వెనక్కి లాగితే, నోటిని మనం తాకకపోయినా కింది దవడ దిగుతుంది. ఇంటర్‌ఓపర్కిల్ ముందు కొనను ఒక సంధిబంధనం దవడ వెనుక మూలలోని రెట్రోఆర్టిక్యులర్ అనే చిన్న ఎముకకు కట్టి ఉంచడమే ఇందుకు కారణం. బతికి ఉన్న చేపలో ఇదే కదలిక పైనుంచి మొదలవుతుంది: కపాలం నుంచి వచ్చే లెవేటర్ ఓపర్కులి కండరం ఓపర్కిల్ పైఅంచును ఎత్తినప్పుడు, ఆ ఎముక ముందు మూలలోని కీలు చుట్టూ తిరిగి, దాని కింది భాగం వెనక్కి జరుగుతుంది, దానితోపాటు సబ్‌ఓపర్కిల్, ఇంటర్‌ఓపర్కిల్ వెనక్కి జరిగి, సంధిబంధనం ద్వారా దవడ మూలను లాగి నోరు తెరుస్తాయి. మొప్పలను కాపాడే కవచంగా మాత్రమే మనం భావించే ఎముకలు నోరు తెరవడంలో భాగస్వాములని వేలి కొసన తెలిశాక, ఈ నాలుగు పేర్లు నాకు నాలుగు పనులుగా గుర్తుండిపోయాయి.

ఊపిరిలోనూ వీటి పాత్ర పెద్దదే. నోటి కుహరం నీటిని వెనక్కి తోస్తుండగా, డైలేటర్ ఓపర్కులి కండరం మూతను బయటికి తెరవడం వల్ల మొప్పల గదిలో పీడనం తగ్గి నీరు లోపలికి లాగబడుతుంది. ఈ రెండు కదలికలూ ఒకదాని వెంట ఒకటి రావడంతో మొప్పల మీదుగా నీరు దాదాపు ఎడతెగకుండా సాగుతుంది. మూత విచ్చుకుంటున్నప్పుడు బయటి నీరు వెనుక నుంచి రాకుండా దాని అంచునున్న పొర ఒంటికి అతుక్కొని ఉంటుంది, శలాకల అవసరం అక్కడే.

పరీక్ష అయ్యాక తలను వేడి నీళ్లలో ఉంచాలి. నీళ్లు మరగకూడదు. గిన్నె అడుగున చిన్న బుడగలు లేచి ఆవిరి పడుతున్న దశలో, అంటే 80 డిగ్రీల సెల్సియస్ దగ్గర మంట తీసి, తల వేసి మూత పెడితే, పది పదిహేను నిమిషాల్లో చర్మం ఊడివస్తుంది. మరిగిన నీటిలో కొవ్వు ఎముకలోకి ఇంకి తరువాత పసుపుగా పైకి తేలుతుంది. పలుచని ఎముకలు అంచుల్లో చిట్లుతాయి కూడా. చర్మం తీశాక విడదీసే వరుస ఇలా ఉండాలి: ముందుగా ఇంటర్‌ఓపర్కిల్‌ను దవడ దగ్గర, ఆపైన సబ్‌ఓపర్కిల్‌ను, తరువాత ఓపర్కిల్‌ను దాని కీలు నుంచి, చివరికి ప్రీఓపర్కిల్‌ను. ప్రీఓపర్కిల్ హయోమాండిబులాకు (దవడను కపాలానికి వేలాడదీసే ఎముక), క్వాడ్రేట్‌కు (కింది దవడ కీలు కలిసే ఎముక) గట్టిగా అతికి ఉంటుంది. దాన్ని కదపడానికి పలుచని వెదురు పుల్ల చాలు, లోహపు మొన వాడితే గాడి గీసుకుపోతుంది.

రోహు ఓపర్కిల్‌ను గుర్తుపట్టడానికి లోపలి వైపు చూడాలి. ముందు పైమూలలో నున్నని గుంట ఉంటుంది. హయోమాండిబులా మీది గుండ్రని బొడిపె అందులో కూర్చుంటుంది. ఆ గుంట నుంచి ఒక గట్టి గట్టు వెనక్కి సాగుతుంది. గుంటకు పైన, ముందుకు పొడుచుకొచ్చిన కొమ్మును డైలేటర్ కండరం పట్టుకుంటుంది. బొచ్చె, రోహు వంటి కార్ప్ జాతి చేపల్లో ఈ కొమ్ము బలంగా ఉంటుంది. గుంట లోపలి ముఖాన, ముందు పైమూలలో ఉంటుందన్న ఒక్క విషయం పట్టుకుంటే ఎడమ ఎముక ఏదో, కుడి ఎముక ఏదో తడుముకోకుండా చెప్పవచ్చు. సబ్‌ఓపర్కిల్ ముందు కొన నుంచి పైకి లేచే చిన్న ముల్లు ఓపర్కిల్‌కూ ఇంటర్‌ఓపర్కిల్‌కూ మధ్య దూరి ఉంటుంది. ప్రీఓపర్కిల్ పొడవునా ఒక నాళం, దాని మీద వరుసగా రంధ్రాలు కనిపిస్తాయి. నీటిలోని కదలికలను పసిగట్టే పార్శ్వరేఖా వ్యవస్థ తల మీదికి వ్యాపించిన శాఖ అది. మిగిలిన మూడింటిలో ఇటువంటి నాళం నాకు కనిపించలేదు కాబట్టి, విరిగిన ముక్క దొరికినా ప్రీఓపర్కిల్‌ను దీని ద్వారా నిర్ధారిస్తున్నాను. శలాకలు ఒక్కో వైపు మూడే. కార్ప్ జాతి చేపలన్నిటికీ ఇదే లెక్క.

శుభ్రపరచడం

విడదీసిన ఎముకలను పాత టూత్‌బ్రష్‌తో రుద్ది, ఎంజైమ్ ఉన్న బట్టల పొడి కలిపిన గోరువెచ్చని నీటిలో ఒక రాత్రి ఉంచితే మిగిలిన కండ వదిలిపోతుంది. ఆ తరువాత గిన్నెలు తోమే ద్రవం కలిపిన నీటిలో, నీరు మసకబారడం మానే దాకా మార్చుతూ నానబెడితే జిడ్డు పోతుంది. తెలుపు కోసం మందుల షాపులో దొరికే హైడ్రోజన్ పెరాక్సైడ్‌ను 3 శాతానికి మించకుండా నీళ్లతో పలుచన చేసి, చేతి తొడుగులు వేసుకొని, కొన్ని గంటలు మాత్రమే వాడాలి. బ్లీచింగ్ పౌడర్ జోలికి అసలు పోకూడదు, అది ఎముకను పొడిబార్చి పెళుసుగా మారుస్తుంది. ఎండలో ఆరబెడితే పలుచని ఎముకలు వంకర తిరుగుతాయి గనుక, నీడలో సగం ఆరాక అద్దుడు కాగితాల మధ్య పెట్టి పైన గాజు పలక ఉంచుతున్నాను. చేప పేరు, ఎముక పేరు, ఎడమా కుడా, తల పొడవు, కొన్న నెల, ఇవన్నీ పెన్సిలుతో చీటీ మీద రాసి, ఎముక ఏ గిన్నెలో ఉంటే ఆ చీటీ ఆ గిన్నెలోనే ఉండేలా చూసుకోవాలి. పెన్ను సిరా మొదటి కడుగుడుకే చెరిగిపోతుంది.

జులై: పండుగప్ప

తూర్పు తీరంలో వేట నిషేధం జూన్ 14తో ముగిశాక పండుగప్ప తల దొరికింది. ఈ చేపను సరిగా పట్టుకోకపోతే చేయి తెగుతుంది, కారణం ప్రీఓపర్కిల్. దాని కింది అంచు రంపపు పళ్లతో, వంపు దగ్గర బలమైన ముల్లుతో ఉంటుంది. ఓపర్కిల్ వెనుక అంచున కూడా చిన్న ముల్లు ఉంది. ఎముకను తిప్పి చూస్తే, కీలు గుంట నుంచి బయలుదేరిన లోపలి గట్టే వెనుక అంచు దాటి ముల్లుగా ముగిసిందని తెలుస్తుంది. రోహులో మూత బయటి రూపం నున్నగా, ఇక్కడ ముళ్లతో ఉన్నా, కీలు, గట్టు, ఇంటర్‌ఓపర్కిల్ సంధిబంధనం అన్నీ అవే స్థానాల్లో ఉన్నాయి. శలాకలు మాత్రం ఏడు. ఓపర్కిల్ మీద పొలుసులు దట్టంగా ఉంటాయి కాబట్టి వేడి నీటికి ముందే వాటిని తీసేయడం మేలు.

సెప్టెంబరు: జెల్ల

జెల్ల తల దగ్గర నా నియమానికి నిజమైన పరీక్ష ఎదురైంది. జెల్లలు, వాలుగలు, మార్పు చేపలు చేరిన క్యాట్‌ఫిష్ వర్గం మొత్తంలోనూ సబ్‌ఓపర్కిల్ లేదు. ఓపర్కిల్ త్రిభుజాకారంలో ఉంటుంది. ప్రీఓపర్కిల్ చుట్టుపక్కల ఎముకలకు బిగుసుకుపోయి ఉంటుంది. అయితే ఓపర్కిల్ కింద వెడల్పాటి పలుచని ఎముక ఒకటి కనిపిస్తుంది. రోహు అట్టను పక్కన పెట్టుకొని ఆకారాన్ని మాత్రమే పోల్చేవారు దాన్ని సబ్‌ఓపర్కిల్ అనుకోవడం సహజం. దాని ముందు కొనను అనుసరించి వెళ్తే అది హయాయిడ్ చాపానికి తగులుకొని ఉందని, అంటే అది పైవరుసలోని బ్రాంకియోస్టెగల్ శలాక అని తేలుతుంది. ఇంటర్‌ఓపర్కిల్ మాత్రం చిన్నదైనా దవడకు సంధిబంధనంతో కట్టే ఉంది. జెల్ల అట్ట మీద సబ్‌ఓపర్కిల్ గడిని ఖాళీగా ఉంచి, లేదు అని రాశాను. ఆ ఖాళీ గడి నాకు మిగతా ఎముకలంత ముఖ్యం.

ఇతర వర్గాల్లో ఇటువంటి లోపాలు వేరే చోట్ల కనిపిస్తాయి. స్టర్జన్ చేపల్లో ఓపర్కిల్ లేదు. మూతగా కనిపించే పెద్ద ఎముకను సబ్‌ఓపర్కిల్‌గా గుర్తిస్తారు. ఉత్తర అమెరికా గార్ చేపల్లో ఇంటర్‌ఓపర్కిల్ లేదు.

సంబంధాలను బట్టి పేరు పెట్టాలన్న సూత్రాన్ని బలంగా ప్రతిపాదించినవాడు ఫ్రెంచి శాస్త్రవేత్త ఎతియెన్ జొఫ్రువా సెంతిలేర్. ఆయన 1818 నాటి గ్రంథంలో చేప మూత ఎముకలే క్షీరదాల చెవిలోని చిన్న ఎముకలని వాదించాడు, కువియే అంగీకరించలేదు. 1837లో జర్మనీకి చెందిన కార్ల్ రైకెర్ట్ పిండాలను పరిశీలించి, చెవిలోని మాలియస్, ఇంకస్ ఎముకలు దవడ కీలు ఎముకలకు సరిపోతాయని చూపించాడు. చెవిలోని మూడో చిన్న ఎముక స్టేపిస్‌కు సాటివచ్చేది చేపలోని హయోమాండిబులా. మూత ఎముకలు చర్మం పొరలో నేరుగా ఏర్పడతాయి, చెవి ఎముకలు ముందు మృదులాస్థిగా మొదలవుతాయి కాబట్టి, పుట్టుకను చూడకుండా స్థానాన్ని మాత్రమే చూస్తే చాలదని దీనివల్ల అర్థమవుతుంది. అయినా నాకు ఆశ్చర్యం కలిగించే సంగతి ఒకటుంది: ఓపర్కిల్ గుంటలో కూర్చునే ఎముక ఆ హయోమాండిబులాయే. జొఫ్రువా వెతికిన సంబంధం ఒక్క కీలు దూరంలో ఉంది.

ఓపర్కిల్ పుట్టుక కూడా ఆ కీలు దగ్గరే మొదలవుతుంది. మన నదుల్లో బతికే జీబ్రాఫిష్‌లో, గుడ్డు ఫలదీకరణ జరిగిన మూడు రోజుల ప్రాంతంలో చిన్న పుల్లగా కనిపించి, తరువాత వెనక్కి, కిందికి విప్పారుతుంది. పెద్ద రోహు ఓపర్కిల్‌ను దీపం ముందు పట్టుకుంటే ఆ పెరుగుదల కీలు నుంచి దూరమయ్యే చాపాలుగా కనిపిస్తుంది. ఇంగ్లండులోని విండర్‌మియర్ సరస్సు పెర్చ్ చేపల వయసును ఓపర్కిల్ మీది వలయాలతో లెక్కకట్టే పద్ధతిని ఇ. డి. లె క్రెన్ 1947లో ప్రచురించాడు. అక్కడ చలికాలంలో పెరుగుదల మందగించడం వల్ల ఏటా ఒక సన్నని పట్టీ ఏర్పడుతుంది. మేత పెట్టి పెంచి త్వరగా పట్టే మన చెరువు చేపకు అదే లెక్క వర్తింపజేయడం సరికాదు గనుక, నా అట్టల మీద చాపాలను గీస్తున్నాను గానీ వయసు రాయడం లేదు.

రాబోయే పని

రోహు, పండుగప్ప అట్టలు రెండు వైపులా పూర్తయ్యాయి. జెల్ల కుడి వైపు శలాకలు ఇంకా జిడ్డు వదలాలి. తరువాత గొరక తల తీసుకుంటాను. ఓపర్కిల్, సబ్‌ఓపర్కిల్ అంచుల్లోని పదునైన పళ్లను నేలకు పట్టించి పాకే చేప అది. 1791లో తరంగంబాడిలో డాల్డార్ఫ్ అనే డేనిష్ అధికారి తాటిచెట్టు మీద దాన్ని చూసినట్టు రాశాడు. పాకేటప్పుడు మూత విచ్చుకొని నేలను పట్టాలంటే డైలేటర్ కండరం పట్టే కొమ్ము రోహులో కన్నా ఎలా భిన్నంగా ఉందో కొలవాలి. కొలతలన్నీ తల పొడవుతో భాగించి రాస్తే తప్ప రెండు చేపలను పోల్చడం కుదరదు కాబట్టి, రోహు చీటీలను ముందుగా ఆ పద్ధతిలో తిరగరాస్తున్నాను.