ఎర్ర తూనీగ అంటే ఏ ఎర్ర తూనీగ?

"అన్నా, చెరువు దగ్గర ఎర్ర తూనీగ చూశాను. దాని పేరేంటి?" అని వాట్సాప్‌లో అడిగేవాళ్లు ఈమధ్య ఎక్కువయ్యారు. నాకు చాలా సంతోషంగా ఉంది. సర్జాపూర్ రోడ్డు పక్కన నాకు మ్యాచింగ్ సెంటర్ ఉంది. షాపు తెరిచేలోపు కైకొండ్రహళ్లి చెరువు చుట్టూ తిరిగి తూనీగల్ని చూడటం నాకు అలవాటు. బెంగళూరులో ఉన్న మనవాళ్లు ట్రాఫిక్, నీళ్ల ట్యాంకర్ల మధ్య ఆగి ఓ తూనీగను చూస్తున్నారంటే అంతకంటే ఏం కావాలి? కానీ ఫొటో లేకుండా "ఎర్రది" అని మాత్రం రాస్తే పేరు చెప్పలేను. ఆ ఒక్క చెరువు గట్టు మీదే ఎర్రవి కనీసం మూడు రకాలు తగులుతాయి.

ముందు ఆ మూడింటి సంగతి చెప్తాను. ఒళ్లంతా, కళ్లతో సహా పండు మిరపకాయ ఎరుపులో ఉండేది స్కార్లెట్ స్కిమ్మర్. దూరం నుంచే కొట్టొచ్చినట్టు కనిపిస్తుంది. దాని తోక మీద, సరిగ్గా నడుమ, నిలువునా సన్నటి నల్ల గీత ఉంటుంది. ఆ గీత కనిపించిందంటే ఇక అనుమానం అక్కర్లేదు. రెండోది డిచ్ జ్యువెల్. కాస్త చిన్నది, దీని ఎరుపు నారింజ వైపు ఉంటుంది. ఇందులో ఒంటి కంటే రెక్కల్ని చూడాలి. మొదలు నుంచి చాలా దూరం వరకు రెక్క నారింజ రంగులో ఉండి, చివర మాత్రం అద్దంలా ఖాళీగా ఉంటుంది. మురుగు కలిసిన నీళ్లను కూడా ఇది తట్టుకుంటుంది. చాలా తూనీగలు ఉండలేని కాలువల పక్కన కూడా ఇది గుంపులుగా కూర్చుని ఉంటుంది. ఒక చెరువు దగ్గర ఇవి తప్ప వేరే తూనీగే కనిపించకపోతే, ఆ నీళ్ల గురించి నాకు దిగులు మొదలవుతుంది.

మూడోది నాకు అన్నింటికంటే ఇష్టమైన క్రిమ్సన్ మార్ష్ గ్లైడర్. దీన్ని ఎరుపు అనడానికి నాకు మనసు ఒప్పదు. మా షాపులో దాన్ని రాణి పింక్ అంటాం, కాస్త వంగపండు ఛాయ కలిసిన రాణి రంగు. దగ్గరికి వెళ్లి చూస్తే రెక్కల్లోని ఈనెలు కూడా ఎర్రగానే ఉంటాయి. పుల్ల చివర కూర్చోవడం దీనికి ఇష్టం. మిట్టమధ్యాహ్నం ఎండ మండుతున్నప్పుడు తోకను సూర్యుడి వైపు నిటారుగా ఎత్తి పెడుతుంది. అలా పెడితే ఒంటి మీద పడే ఎండ తగ్గుతుంది.

ఇప్పటిదాకా చెప్పినవన్నీ ఎదిగిన మగవి. అసలు చిక్కు ఇక్కడే ఉంది. ఈ మూడింటి ఆడవీ పసుపు, గోధుమ రంగుల్లోనే ఉంటాయి. కొత్తగా రెక్కలొచ్చిన మగవి కూడా అచ్చం ఆడవాటిలాగే కనిపిస్తాయి. కాబట్టి మీరు చూసిన "పసుపు తూనీగ" ఎర్ర తూనీగ పెళ్లామైనా కావచ్చు, కొడుకైనా కావచ్చు.

ఈ పసుపు ఎరుపుగా ఎలా మారుతుందన్నది జపాన్ శాస్త్రవేత్తలు 2012లో తేల్చారు. వాళ్లు పరీక్షించిన వాటిలో మన స్కార్లెట్ స్కిమ్మర్ కూడా ఉంది. మగది ఎదిగేటప్పుడు ఒంట్లోకి కొత్త రంగేమీ వచ్చి చేరదట. ఉన్న రంగు పదార్థమే ఆక్సీకరణ స్థితి నుంచి క్షయకరణ స్థితికి మారుతుంది, దాంతో పసుపు ఎరుపవుతుంది. పసుపు రంగులో ఉన్నవాటికి విటమిన్ సి, అదే ఆస్కార్బిక్ ఆమ్లం, ఎక్కిస్తే అవి కూడా ఎర్రబడ్డాయి. నీలిమందు అద్దకం తొట్టిలో జరిగేదీ ఇలాంటి రసాయన మార్పే కాబట్టి, మా వ్యాపారంలో ఉన్నవాళ్లకు ఇది వెంటనే అర్థమవుతుంది. ఇది చదివిన రోజు షాపుకొచ్చిన వాళ్లందరికీ చెప్పాను.

నీలం కూడా ఇలాంటిదే. గడ్డి లేని నేల మీద, కాలిబాట మీద, మన అడుగుల ముందే లేచి మళ్లీ రెండు గజాల దూరంలో వాలే చిన్న తూనీగను మీరు చూసే ఉంటారు. అది గ్రౌండ్ స్కిమ్మర్. మగది లేత వయసులో ఆకుపచ్చ పసుపు మీద నల్ల మచ్చలతో ఉంటుంది. ముదిరే కొద్దీ ఒంటి మీద నీలి బూడిద లాంటి మైనపు పొడి కమ్ముకుని మచ్చలన్నీ మాయమైపోతాయి. ఒకే పురుగు, రెండు వయసుల్లో రెండు వేషాలు. తోక చివరి కొక్కేలు మాత్రం తెల్లగానే ఉంటాయి, వాటిని బట్టి గుర్తు పట్టండి.

చీరకు బ్లౌజు పీసు కావాలని వచ్చినవాళ్లను నేను ముందు షాపు బయటికి, ఎండలోకి తీసుకెళ్తాను. ట్యూబ్‌లైటు కింద కలిసిన రంగు వెలుతురులో విడిపోతుంది. తూనీగల దగ్గర కూడా మొదట రంగే కన్ను లాగుతుంది, మొదట మోసం చేసేదీ అదే. కాబట్టి రంగును చూసి మురిసిపోండి, పేరు పెట్టడానికి మాత్రం గుర్తులు వెతకండి.

ఏ గుర్తులంటే, రెక్క ముందు అంచున, కొసకు దగ్గర్లో ఒక చిన్న రంగు గడి ఉంటుంది. దాన్ని టెరోస్టిగ్మా అంటారు. రెక్కలో మిగతా చోట్ల కంటే అది కాస్త బరువు. గాల్లో తేలేటప్పుడు రెక్క అదరకుండా ఆ బరువు ఆపుతుంది. గుర్తు పట్టడానికి మనకూ పనికొస్తుంది. గ్రానైట్ ఘోస్ట్ అనే తూనీగకు ఆ గడి నడుమ నలుపు, రెండు కొసల్లో తెలుపు. ఒళ్లంతా బూడిద, నలుపు, తెలుపు చుక్కలే. పేరుకు తగ్గట్టే గ్రానైట్ రాయి మీద వాలితే కళ్ల ముందున్నా కనపడదు. చెరువు కూడా దీనికి అవసరం లేదు. సిమెంటు తొట్లు, బండల మీద నిలిచిన వాన నీళ్లు చాలు, అక్కడే గుడ్లు పెడుతుంది. కాంపౌండు గోడకు రెక్కలు ఆనించి అతుక్కున్నట్టు కూర్చుంటుంది. అపార్ట్‌మెంటు వదిలి బయటికి వెళ్లలేని పెద్దవాళ్లకు నేను మొదట చెప్పేది దీన్ని వెతకమనే.

తర్వాత నడుము, తోక ఆకారం చూడండి. గ్రీన్ మార్ష్ హాక్ ఆకుపచ్చ, నలుపు చారల్లో ఉంటుంది. తోక మొదట్లో ఉబ్బి, మధ్యలో సన్నబడి, చివర మళ్లీ కొంచెం లావవుతుంది. ఇందులో ఆడ, మగ ఒకేలా ఉంటాయి కాబట్టి కొత్తవాళ్లకు ఇది మంచి ప్రారంభం. మహా వేటగత్తె. సీతాకోకచిలుకల్ని, తోటి తూనీగల్ని కూడా పట్టి తినేస్తుంది. పోయిన వానాకాలంలో అది ఓ డిచ్ జ్యువెల్‌ను కాళ్ల మధ్య ఇరికించుకుని నమలడం మా అమ్మాయికి చూపిస్తే, "నాన్నా, పాపం కదా, విడిపించు" అని గొడవ చేసింది. విడిపించలేదు. దాని తిండి దాన్ని తిననివ్వాలి కదా.

కూర్చున్నప్పుడు రెక్కలు చాపకుండా వీపు మీద మడిచి పెట్టుకుని, సూదంత సన్నగా ఉండేవి డామ్‌సెల్‌ఫ్లైలు. వాటి కళ్లు తలకు రెండు పక్కలా ఎడంగా ఉంటాయి. గడ్డిలో పచ్చటి పసుపు తోకతో కనిపించేది కోరమాండల్ మార్ష్ డార్ట్. ఈ జాతుల్లో రంగు ఇంకా మాయ చేస్తుంది. కొన్నింటిలో ఆడవి కొన్ని మగవాటి రంగే వేసుకుని తిరుగుతాయి. మగవాటి వేధింపు తప్పించుకోవడానికే అలా ఉంటాయని పరిశోధకులు భావిస్తున్నారు.

తూనీగ కాకపోయినా తూనీగలా అనిపించేవి, తూనీగే అయినా వేరే పురుగులా అనిపించేవి కూడా ఉన్నాయి. రాత్రి లైటు దగ్గరికి వచ్చి గోడ మీద వాలే "తూనీగ" తలపై పొడుగాటి మీసాలు కనిపిస్తే అది యాంట్‌లయన్. చిన్నప్పుడు ఇసుకలో గరాటు గుంతలు చేసి చీమల్ని పట్టే పురుగే పెద్దయ్యాక ఇలా రెక్కలతో వస్తుంది. తూనీగల మీసాలు వెంట్రుకంత చిన్నవి, పనిగట్టుకుని చూస్తే తప్ప కనపడవు. ఇక పసుపు, నలుపు మచ్చల రెక్కలతో బద్ధకంగా ఎగిరే కామన్ పిక్చర్‌వింగ్‌ను చాలామంది సీతాకోకచిలుక అనుకుంటారు. వాలాక చూడండి, సన్నటి తోక, పెద్ద కళ్లు, చాపి ఉంచిన నాలుగు రెక్కలు.

ఫొటో పంపేవాళ్లకు ఒక మనవి. వీలైతే పై నుంచి ఒకటి, పక్క నుంచి ఒకటి తీయండి. తోక కొస తెగకుండా చూడండి. ఎక్కడ కూర్చుందో రాయండి, నేల మీదా, పుల్ల మీదా, గోడ మీదా అన్నది సగం జవాబు. తెల్లారుజామునే వెళ్లి ఏమీ లేవని వెనక్కి రాకండి. ఒంటికి ఎండ తగిలి వెచ్చబడ్డాకే అవి సరిగ్గా ఎగురుతాయి.

వానలు వెనక్కి మళ్లే ఈ రోజుల్లో గ్రౌండ్ల మీద, పార్కింగుల మీద బంగారు పసుపు తూనీగలు గుంపులుగా, వాలకుండా తిరుగుతుంటాయి. అవి వాండరింగ్ గ్లైడర్లు. మన దేశం నుంచి మాల్దీవుల మీదుగా హిందూ మహాసముద్రం దాటి తూర్పు ఆఫ్రికాకు వెళ్తాయని 2009లో చార్లెస్ ఆండర్సన్ అనే జీవశాస్త్రవేత్త రాశాడు. వాటికి మెరిసే కారు బానెట్ నీళ్లలా కనిపిస్తుంది, దాని మీదే గుడ్లు పెట్టేస్తాయి. ఆ వేడికి గుడ్లు దక్కవు. ముదురు రంగు కారు ఎండలో పెట్టేవాళ్లు ఈ కొన్ని వారాలు దానికి కవర్ వేయండి. మా అపార్ట్‌మెంటులో ఇద్దరు ముగ్గురు ఇప్పటికే వేస్తున్నారు.