రుద్రం చదివేటప్పుడు ఊపిరి ఎక్కడ తీసుకోవాలి?

రుద్రంలో శివుడికి "నమః" అని మొక్కే భాగం నమకం, "చ మే" (నాకు ఇది కూడా) అని కోరే భాగం చమకం. నమకం ఎత్తుకునే ముందు లఘున్యాసంలో (దేవతలను ఒంట్లో నిలుపుకునే మంత్రాల్లో) ఒక మాట చెప్పుకుంటాం: "వాయుర్మే ప్రాణే శ్రితః, ప్రాణో హృదయే." వాయువు నా ప్రాణంలో ఉన్నాడు, ప్రాణం హృదయంలో ఉంది అని. చెప్పి కాసేపైనా కాకుండానే ఆ వాయువును ఎక్కడ పడితే అక్కడ తెంచేస్తాం. స్వరం తప్పితే పక్కన కూర్చున్నవారు వెంటనే తిరిగి చూస్తారు. ఊపిరి తప్పితే ఎవరూ పెద్దగా పట్టించుకోరు. నిజానికి ఊపిరి తప్పిన చోట మాటే మారిపోతుంది.

తైత్తిరీయోపనిషత్తు శీక్షావల్లి ఉచ్చారణకు ఆరు అంగాలు చెప్పింది: "వర్ణస్స్వరః, మాత్రా బలమ్, సామ సన్తానః." బలం అంటే అక్షరం మీద పెట్టే ప్రయత్నం. సామ అంటే హెచ్చుతగ్గులు లేని నడక. సంతానం అంటే పదాలు తెగకుండా సంధితో సాగిపోవడం. ఈ మూడూ ఊపిరి మీదే నిలబడతాయి. మిగతా వాటికి పుస్తకంలో కొంత ఆధారం దొరుకుతుంది: అక్షరం కింద అడ్డగీత ఉంటే అనుదాత్తం (కింది స్వరం), పైన నిలువుగీత ఉంటే స్వరితం (పై స్వరం), రెండు నిలువుగీతలుంటే దీర్ఘస్వరితం (సాగదీసే స్వరితం). ఊపిరికి మాత్రం ఏ గుర్తూ ఉండదు. అది గురుముఖంగా రావాలి, లేదా సంధి తెలిసి ఉండాలి.

మొదటి మంత్రమే చూడండి: "నమస్తే రుద్ర మన్యవ ఉతో త ఇషవే నమః." ఇక్కడ "మన్యవే" అన్న పదం, తర్వాత "ఉతో" ఉండబట్టి "మన్యవ" అయింది. అలాగే "తే" కాస్తా "త" అయింది. అచ్చు పక్కన అచ్చు రావడంతో అక్కడ చిన్న ఖాళీ తోస్తుంది. కొత్తగా నేర్చుకునేవారు సరిగ్గా ఆ ఖాళీలోనే ఊపిరి తీస్తారు. తీశారా, "మన్యవ" అనే మాట దిక్కులేకుండా మిగిలిపోతుంది. ఉన్నవి 16 అక్షరాలే, "నమః" దాకా ఒక్క ఊపిరిలో హాయిగా వస్తుంది. విసర్గను తేలిగ్గా వదిలి అప్పుడు గాలి తీసుకోవాలి. ఆ విసర్గనే గట్టిగా "హా" అని లాగితే తర్వాతి పాదానికి గాలి చాలదు.

గుర్తు పెట్టుకోవలసిన సూత్రం ఒక్కటే: ఆగినా ఆగకపోయినా పదం రూపం మారని చోట ఊపిరి తీసుకోవాలి.

సంహిత (వేద మంత్రపాఠం) పుస్తకాలు చూసి చదివేవారికి ఇంకో చిక్కు ఉంది. అందులో 50 పదాలకొక పనసగా లెక్కకట్టి అంకె వేస్తారు. అది పదాల లెక్క, అర్థంతో దానికి పని లేదు. మొదటి అనువాకంలో (నమకంలోని మొదటి విభాగంలో) ఆ అంకె "యామిషుం గిరిశన్త హస్తే" దగ్గర పడుతుంది, "బిభర్ష్యస్తవే" తర్వాతి పనసలోకి పోతుంది. అంకె కనబడింది కదా అని ఆగితే, చేతిలో బాణం ఉందో లేదో తేలకుండానే స్వామిని వదిలేసినట్టు! ఆ మంత్రం చివర "మా హిగ్ంసీః పురుషం జగత్" అని వస్తుంది. అక్కడ "ప" ముందున్న విసర్గను ఉపధ్మానీయంగా, పెదవులు దాదాపు కలిపి మెల్లగా ఊదినట్టు పలకాలి. "హీ" అని విడిగా కొడితే ఒక అక్షరం ఎక్కువై నడక కుంటుతుంది.

రెండో అనువాకం నుంచి "పతయే నమో నమో వృక్షేభ్యో" లాంటివి వరసగా వస్తాయి. ఆ రెండు "నమో"లూ జంట కావు. మొదటిది వెనకటి నమస్కారానికి ముగింపు, రెండోది తర్వాతి దానికి మొదలు. అందుకే రూపం "నమో" గానే ఉంచి, ఆ రెంటి మధ్యే చప్పుడు కాకుండా చిన్న ఊపిరి లాక్కోవాలి. పైన చెప్పిన సూత్రానికి ఇది సడలింపు అనుకోండి. పదిమంది కలిసి చెప్పేటప్పుడు అందరూ ఒకేచోట ఆగకుండా, కొందరు ఇక్కడ, కొందరు తర్వాతి చోట తీసుకుంటే ధార తెగదు.

అసలు పరీక్ష 11వ అనువాకం చివర ఉంది: "నమో రుద్రేభ్యో యే పృథివ్యాం యేఽన్తరిక్షే యే దివి యేషామన్నం వాతో వర్‌షమిషవస్తేభ్యో..." "యే దివి" దగ్గర శుభ్రంగా ఆగవచ్చు. అక్కణ్ణుంచి "మృడయన్తు" దాకా 40కి పైగా అక్షరాలు, అంతా సంధి. అందనివారు "తేభ్యో" తర్వాత చిన్న ఊపిరి తీసుకోవచ్చు. ఈ మంత్రంలో రుద్రుల బాణాలు ఏమిటంటే అన్నం, వాయువు, వర్షం. మొదటి మంత్రంలో "ఇషవే నమః" అని మొక్కింది బాణానికే. ఆ మొక్కు చెప్పడానికి మనం వాడిందీ ఆ వాయువునే. ఇది మనసులో ఉంటే ఊపిరిని అంత అలుసుగా తెంచబుద్ధి కాదు.

చమకంలో "చ మే" ప్రతిచోటా ఉంది కాబట్టి ఎక్కడైనా ఆగవచ్చనుకుంటారు. "ప్రాణశ్చ మేఽపానశ్చ మే" దగ్గర "మే" అని ఆగి మళ్లీ ఎత్తుకుంటే "పానశ్చ" అని వినబడుతుంది. అపానం కోరబోయి పానం కోరినట్టవుతుంది. అవగ్రహం (ఽ గుర్తు) ఉన్నచోట ఊపిరి కూడదు.

ఇక కూర్చునే తీరు. పుస్తకం నేల మీద పెట్టి వంగి చదివితే పొట్ట నొక్కుకుని ఊపిరి సగమవుతుంది. వ్యాసపీఠం మీద, వీలైతే ఇంకాస్త ఎత్తులో పెట్టుకోవాలి. అభిషేకం చేసే చెయ్యి, చదివే నోరు ఒకరివే అయితే రెండు ధారలూ తడబడతాయి. నీళ్లు పోసే పని మరొకరికి అప్పగించడం మేలు. మహాప్రాణాలను (ధ, భ లాంటి ఒత్తు అక్షరాలను) మరీ ఊదవద్దు. "ధన్వనే"ను "దన్వనే" అనకపోతే చాలు.

ఏకాదశ రుద్రంలో నమకం 11 సార్లు, ఒక్కో ఆవృత్తికి చమకంలో ఒక్కో అనువాకం. గొంతు అలిసేకొద్దీ శ్రుతి పైకి పాకుతుంది. అందుకే మొదటి ఆవృత్తిని కాస్త కింది శ్రుతిలోనే ఎత్తుకోవాలి. చివరి చమకానువాకంలో సంఖ్యలు వస్తాయి. "ఏకా చ మే, తిస్రశ్చ మే" అంటూ చాలా "మే"ల దగ్గర ఆగే వీలుంది, "నవ చ మ ఏకాదశ చ మే" లాంటి చోట్ల మాత్రం లేదు. అప్పటికి అందరూ అలిసిపోయి ఉంటారు కాబట్టి, "సప్త చ మే" తర్వాతే గాలి నిండా తీసుకుని ఉంచుకోవాలి.