రాజహంసల కోసం వెళ్లి గూడబాతుల దగ్గర ఆగిపోయాను

నేలపట్టు పక్షుల చెరువు నా ప్లాన్‌లో లేనే లేదు. బయల్దేరింది పులికాట్ సరస్సుకి, రాజహంసల కోసం, అదే ఫ్లెమింగోల కోసం. పక్షుల పండగప్పుడు వెళ్తే జనాన్ని చూసి రావడమే అవుతుందని, జనవరిలో ఓ మామూలు రోజు నెల్లూరులో రైలెక్కి సూళ్లూరుపేటలో దిగాను. ఆటో అతను పదహారు వందలు అన్నాడు. ఎంత బేరమాడినా పద్నాలుగు వందలకు తగ్గలేదు.

శ్రీహరికోట రోడ్డు సరస్సు మధ్యలోంచే పోతుంది. రెండు పక్కలా నీళ్లూ బురదా. రాజహంసలు లేవని కాదు, ఉన్నాయి. కానీ ఆ దూరానికి, నీటి చివర ఎవరో సున్నంతో గీత గీసినట్టున్నాయి. బైనాక్యులర్స్ ఇంట్లో మర్చిపోయిన నా బుద్ధిని తిట్టుకుంటూ గంటసేపు ఎండలో ఫోన్ జూమ్ చేశాను. ఫొటోల్లో గులాబీ రంగు కాదు కదా, పక్షి ఆకారం కూడా రాలేదు. నా మొహం చూసి ఆటో అతను, "నేలపట్టు పోదాం సార్, ఆడైతే దగ్గిరగా కనపడతాయి" అన్నాడు. ఇంకో మూడొందలకు ఎసరు పెడుతున్నాడనుకున్నాను. నిజంగానే పెట్టాడు.

దొరవారిసత్రం దాటి లోపలికి వెళ్లాక, చెరువు కనబడకముందే వాసన తగిలింది. ఎండుచేపల మూట విప్పినట్టు. ఆ తర్వాత గోల. వాచ్ టవర్ ఎక్కి చూస్తే నీళ్లలో నిలబడ్డ కడప చెట్లు, కొమ్మకొమ్మకూ గూళ్లు, గూళ్ల నిండా గూడబాతులు, అదే పెలికాన్లు. పెద్దవి నోరు మెదపవు, అరుపులన్నీ పిల్లలవే. గాల్లో అంత హుందాగా వచ్చే పక్షి, కొమ్మ మీద వాలేటప్పుడు మాత్రం బరువైన సూట్‌కేసుతో కదులుతున్న బస్సెక్కే మనిషిలా తడబడుతుంది. అది ముక్కు తెరిస్తే పిల్ల తలకాయంతా దాని గొంతు సంచిలోకి దూర్చేస్తుంది. తల్లిని మింగుతోందేమో అనిపించింది. ఆ చేపలు ఎక్కువగా పులికాట్‌వేనట. పొద్దున్నంతా నేను విసుక్కున్న ఆ నీళ్ల నుంచి, రానూపోనూ నలభై కిలోమీటర్లు ఎగిరి తెస్తున్నాయి.

ఇది 1976లో అభయారణ్యమైంది. ఊరివాళ్లు అంతకుముందు నుంచే వీటిని తమవిగా చూసుకున్నారు. గట్టు మీద మేకలు తోలుకెళ్తున్న పెద్దాయన్ని "ఈ వాసన ఎలా భరిస్తారు తాతా?" అని అడిగాను. నన్ను వింతగా చూశాడు. "ఆ రెట్ట కలిసిన నీళ్లేగా మా చేలకు పారేది. బస్తా ఎరువు తక్కువేస్తాం. పక్షులు రాని ఏడాది వానలూ ఉండవు" అన్నాడు.

మా పెరట్లో పెద్ద చింతచెట్టు ఉండేది. నేను ఆరో తరగతిలో ఉండగా దాని మీద కొంగలు గూళ్లు పెట్టాయి. ఆరేసిన బట్టలు పాడవుతున్నాయని ముందు డబ్బాలు మోగించారు, తర్వాత కొమ్మలు నరికించారు. కింద పడ్డ పిల్లల్ని గంపలో ఎత్తి ఎక్కడికో తీసుకెళ్లారు. ఎక్కడికని నేను అడగలేదు.

సాయంత్రం దాకా టవర్ దిగలేదు. దిగాక చూసుకుంటే భుజం మీద తెల్లటి మరక. ఆటో అతను వెనక్కి తిరిగి చూసి, "కడక్కండి సార్, ఎండనీండి, దులిపితే పోద్ది" అన్నాడు.

పోలేదు.